పెగ్గా, పాయసమా?

ఏలూరు నుంచి పెదవేగి వైపు వెళ్తే కొబ్బరి చెట్ల నీడలో కోకో తోటలు కనిపిస్తాయి. కాయలు కాండానికే అంటుకుని వేలాడుతుంటాయి. దేశంలో కోకో ఎక్కువగా పండేది మన ఆంధ్రలోనే. అలాంటి తోట ఒకటి చూసుకుంటూ, కెమిస్ట్రీ లెక్చరరుగా రిటైరైన పెద్దమనిషి ఒకరున్నారు. పండక్కీ పబ్బానికీ విస్కీలో నీళ్లు కలుపుకుని రెండు చిన్న పెగ్గులు, అంతకు మించి ఎరగరు. ఆయన బావమరిది చాలా ఏళ్లుగా అమెరికాలోని మిల్వాకీలో ఉంటున్నాడు. సంక్రాంతికి వస్తూ డ్యూటీ ఫ్రీలో ఒక కాన్యాక్ బ్రాందీ సీసా, ఒక కోకో లిక్యూర్ సీసా పట్టుకొచ్చాడు. భోగి రాత్రి భోజనాలయ్యాక ఇద్దరికీ వాదన పడింది. మధ్యలో కూర్చుని విన్నది నేను. నా మొగ్గు ఎటో చదువుతుంటే మీకే తెలిసిపోతుంది. దాచే ఉద్దేశం కూడా లేదు.

బావ: పాలల్లో నీళ్లు పోసేవాళ్లని చూశాను. బ్రాందీలో పాలు పోసేవాణ్ణి నిన్నే చూస్తున్నా.

బావమరిది: పాలు కాదు బావగారూ, క్రీము. దీన్ని బ్రాందీ అలెగ్జాండర్ అంటారు. 30 మిల్లీలీటర్ల బ్రాందీ, 30 కోకో లిక్యూర్, 30 క్రీము. ఐసు వేసి గట్టిగా ఊపి, వడగట్టి, పైన జాజికాయ గీరడమే. భోజనం తర్వాత స్వీటు బదులు తాగుతారు.

బావ: స్వీటు కావాలంటే మీ అక్క అరిసెలు, సున్నుండలు డబ్బాల నిండా చేసి పెట్టింది. మందు కావాలంటే మందు తాగు. రెండూ ఒకే గ్లాసులో ఎందుకు? తీపి తినేవాడికి తీపి దక్కదు, తాగేవాడికి మందు దక్కదు.

బావమరిది: ఇది ఇవాళ పుట్టింది కాదండీ. 1916లో న్యూయార్క్‌లో హ్యూగో ఎన్స్‌లిన్ అనే బార్‌టెండర్ వేసిన పుస్తకంలోనే అలెగ్జాండర్ ఉంది. అప్పుడు అందులో పోసింది జిన్ను. తర్వాత బ్రాందీ వచ్చి జిన్నుని పక్కకి నెట్టేసింది. న్యూ ఆర్లీన్స్‌లో టూజాగ్స్ అనే పాత రెస్టారెంటు ఉంది. అక్కడ బ్రాందీ తీసేసి పచ్చటి పుదీనా లిక్యూర్ పోసి గ్రాస్‌హాపర్ అన్నారు. ఇక మా విస్కాన్సిన్ సంగతి చెప్పాలా? కార్ల నంబరు ప్లేటు మీదే పాడి రాష్ట్రమని రాసుకుంటారు. అక్కడి సప్పర్ క్లబ్బుల్లో అయితే క్రీము కూడా చాలదు, ఐస్‌క్రీమే వేసి మిక్సీలో తిప్పేస్తారు. మిల్వాకీలో 1938 నుంచి నడుస్తున్న బ్రయంట్స్ అనే లాంజి ఈ ఐస్‌క్రీము కాక్‌టెయిళ్లకే పేరు మోసింది.

బావ: పాతదైతే మంచిదైపోతుందా? ముందు కెమిస్ట్రీ చెప్పు. పాలల్లో కేసీన్ ఉంటుంది. పీహెచ్ 4.6కి దిగిందంటే విరిగి కూర్చుంటుంది. ఆల్కహాలు తగిలినా ప్రొటీన్ గడ్డకడుతుంది. విరిగిన పాలు తాగించడానికా అంత దూరం నుంచి వచ్చావు?

బావమరిది: మీరు చదువుకునే రోజుల్లో సెలవులకి పాల కేంద్రంలో పని చేశారు కదండీ. అక్కడ పాలు మంచివో కావో ఎలా చూసేవారు?

బావ: దొరికించుకున్నావనమాట! పాలకి సమానంగా 68 శాతం ఆల్కహాలు పోసి ఊపేవాళ్లం. గొట్టం గోడకి తెల్లటి పలుకులు అంటితే ఆ క్యాను వెనక్కి పంపేయడమే.

బావమరిది: అంటే మంచి పాలు 68 శాతానికే విరగవు. మన దగ్గర బ్రాందీ 42.8 శాతం. పైగా క్రీములో కొవ్వెక్కువ, కేసీన్ తక్కువ. విరిగేది మందు వల్ల కాదండీ, పులుపు వల్ల. నిమ్మరసం, నారింజ, పైనాపిల్ ఆ గ్లాసు దరిదాపులకి రాకూడదు. పాతబడి లోపలే పులిసిన క్రీమైనా అంతే.

బావ: అది నిజం. మా పరీక్ష పట్టిచ్చేది కూడా ఆ పులుపునే. సరే, ఈ మాట నీకిచ్చేశా. కానీ నిమ్మకాయతో విరగ్గొట్టి మరీ తాగేవాళ్లున్నారని ఎక్కడో చదివాను.

బావమరిది: మిల్క్ పంచ్. బెంజమిన్ ఫ్రాంక్లిన్ 1763లో తన స్నేహితుడు జేమ్స్ బౌడిన్‌కి రాసిన ఉత్తరంలో ఆ తయారీ ఉంది. 44 నిమ్మకాయల తొక్కలు బ్రాందీలో నానబెట్టి, నిమ్మరసం, చక్కెర, జాజికాయ వేసి, మరిగే పాలు పోసి కావాలనే విరగ్గొట్టి, గుడ్డలో వడగట్టమంటాడు. విరుగుడు పైనే ఉండిపోతుంది, కిందికి తేటగా దిగుతుంది.

బావ: అదీ పద్ధతి. పాలు వచ్చి తమ పని చేసి వెళ్లిపోయాయి. గ్లాసులో మిగిలింది మందని చూస్తే తెలుస్తుంది. నీది అలా కాదు. మందుకి మీగడ ముసుగేసి కూర్చోబెట్టావు.

(ఈ ముసుగు మాట తర్వాత పెద్ద గొడవైంది. ఈలోపు వంటింట్లోంచి అక్కగారు మీగడ గిన్నె తెచ్చారు. గేదె పాల మీద రోజూ తీసి ఫ్రిజ్‌లో పెట్టిన మీగడ. "ప్యాకెట్టు క్రీమెందుకురా, ఇది లేదూ?" అన్నారావిడ.)

బావమరిది: వద్దక్కా. ఇది కాచిన పాల మీద కట్టిన తెట్టు. ఐసుతో కలిపి ఊపితే నిమిషంలో పూసపూసలుగా వెన్న పడుతుంది.

బావ: నలభై ఏళ్లుగా కవ్వంతో ఆవిడ చేస్తున్న పనే నువ్వు ఖరీదైన బ్రాందీ పోసి చేస్తానంటున్నావు.

బావమరిది: అందుకే ప్యాకెట్టు క్రీము. అందులో కొవ్వుని సన్నగా చిదిమి ఉంచుతారు కాబట్టి తొందరగా వెన్న కాదు. మన దుకాణాల్లో ఫ్రెష్ క్రీమంటూ దొరికేదాంట్లో కొవ్వు 25 శాతం. అది చాలు. 35 శాతంది దొరికితే నురగ ఇంకా నిలుస్తుంది. కేకుల మీద వేసే విప్పింగ్ క్రీము కొనేటప్పుడు మాత్రం డబ్బా వెనకాల చదవాలండీ. చాలావాటిలో పాలుండవు, గడ్డకట్టిన నూనె, చక్కెర ఉంటాయి. అది పోస్తే గ్లాసు తుడిచినా జిడ్డు వదలదు.

బావ: మరి ఊపేదెందులో? నీ స్టీలు డబ్బా తెచ్చావా?

బావమరిది: మూత గట్టిగా పట్టే గాజు సీసా చాలు. అది కాదు బావగారూ, అందులో ఆవకాయ ఉండేది! ఎన్నిసార్లు కడిగినా మూత రబ్బరులో వాసన పోదు. ఆ హార్లిక్స్ సీసా ఇవ్వండి. ఐసు పెద్ద ముక్కలుండాలి. చిన్నవైతే వెంటనే కరిగి పల్చబడుతుంది. మూత బిగించి పదిహేను సెకన్లు, చేతులు నొప్పెట్టేలా ఊపాలి. మొదట ఐసు గాజుకి తగిలి గలగలమంటుంది. క్రీములో గాలి చేరేకొద్దీ ఆ చప్పుడు మందగిస్తుంది. సీసా పైన మంచు ఆవిరి పట్టి అరచేతులు జివ్వుమన్నాయంటే ఆపేయొచ్చు. టీ వడపోత గంటెతో వడగడితే ఐసు పలుకులు పైనే ఉండిపోతాయి.

(సీసా ఊపిన శబ్దానికి వాకిట్లో కుక్క మొరిగింది. గ్లాసులోకి దిగింది లేత కాఫీ రంగులో, పైన వేలెడు మందాన సన్నటి నురగతో ఉంది. జాజికాయ గీరడానికి అల్లం కోరే పళ్లెం వెనకవైపు వాడాడు. రెండు మూడు రుద్దులకే వాసన వసారా అంతా పాకింది. ఈ పానీయంలో జాజికాయ అలంకారానికి కాదని నాకప్పుడే అర్థమైంది. కొవ్వు, తీపి కలిసి నాలుకని మొద్దుబారుస్తాయి. ఆ ఘాటే దాన్ని లేపేది. జాజికాయ లేకుండా చేసేవాళ్లు అసలు చేయకపోవడం నయం.)

బావ: ఆ లిక్యూరు సీసా ఎంత పెట్టి కొన్నావో గానీ, కోకో పండించేది మా తోటలో. అక్కడికెళ్లి చక్కెర నీళ్లలో కలిపిస్తే డాలర్లు పెట్టి కొని మళ్లీ ఇక్కడికే మోసుకొచ్చావు.

బావమరిది: అందుకే ఇంట్లో చేసుకోమంటున్నా. మీ గింజలే వేయించి, పొట్టు తీసి, పలుకులుగా దంచండి. 60 గ్రాముల పలుకులు 250 మిల్లీలీటర్ల వోడ్కాలో నాలుగైదు రోజులు నానబెట్టి వడగట్టండి. 150 గ్రాముల చక్కెర 100 మిల్లీలీటర్ల నీళ్లలో కరిగించి, చల్లారాక కలపండి. దాదాపు 24 శాతం వస్తుంది. కొన్న సీసాలో ఉండేదీ ఇంచుమించు అంతే.

బావ: మా గింజకి వోడ్కా కొత్తేం కాదులే. కాయ కొట్టి, తెల్లటి గుజ్జుతో సహా గింజల్ని పెట్టెలో పోసి అరిటాకులు కప్పుతాం. మొదటి రెండ్రోజులు ఈస్టు ఆ గుజ్జులో చక్కెరని తిని ఆల్కహాలు చేస్తుంది. పక్కన నిలబడితే కల్లు వాసనొస్తుంది. తిరగేసి గాలి తగిలించామా, బాక్టీరియా చేరి ఆ ఆల్కహాలుని వెనిగర్ చేస్తుంది. లోపల వేడి 45 డిగ్రీలు దాటుతుంది. గింజలో మొలక చస్తుంది. చాక్లెట్ వాసనకి పునాది పడేది అప్పుడే. ఐదారు రోజులయ్యాక ఎండబెడతాం. ఆ పులిసే పని సరిగ్గా చేయకుండా ఎండేసిన గింజని నువ్వు ఎంత మంచి వోడ్కాలో నానబెట్టు, పచ్చి వగరు తప్ప ఏమీ రాదు.

బావమరిది: చూశారా, మీరూ ఈ పనిలో ఉన్నవారే!

బావ: గింజ వరకే. గ్లాసులోకి రాను. ఇప్పుడు అసలు సంగతికొద్దాం. దీన్ని ఒక గుక్క తాగాను. బాగుంది. చెడ్డగా ఉందని అబద్ధం ఆడను. నా భయం అదే. బాగుండడమే దీని తప్పు. విస్కీ నోట్లో పడగానే గొంతు మండి, నేనెవరో చూసుకో అంటుంది. ఇది చల్లగా, తియ్యగా, మెత్తగా జారిపోతుంది. ఎంత తాగుతున్నామో ఒంటికి తెలియదు.

బావమరిది: ఒక్క పెగ్గే కదండీ అందులో ఉంది.

బావ: ఒక్క పెగ్గా? లెక్క చెయ్. బ్రాందీ 30లో 42.8 శాతమంటే దగ్గర దగ్గర 13 మిల్లీలీటర్ల ఆల్కహాలు. లిక్యూరులో ఇంకో 7. మొత్తం 20. చిన్న పెగ్గుతో పోలిస్తే ఒకటిన్నర. ఐదు శాతం బీరు 330 మిల్లీలీటర్ల సీసాలో ఉండేది పదహారున్నరే. నీ చిన్న గ్లాసులో ఒక బీరు కన్నా ఎక్కువుంది. అది చూసి ఎవరైనా మిల్క్‌షేకనుకుంటారు. నేను యూనివర్సిటీలో ఉన్నప్పుడు మా గదిలో అందరికీ బీటిల్స్ పిచ్చి. జాన్ లెనన్‌ని 1974 మార్చిలో లాస్ ఏంజెలెస్‌లో ట్రూబడోర్ క్లబ్బులోంచి బయటికి గెంటేశారు. వేదిక మీద కామెడీ చేస్తున్న స్మదర్స్ బ్రదర్స్‌ని అరిచి గోల పెట్టినందుకు. ఆ రాత్రి లెనను, అతని స్నేహితుడు హ్యారీ నిల్సను తాగింది ఏంటనుకున్నావు? ఇదే. బ్రాందీ అలెగ్జాండర్.

బావమరిది: లెనన్ విస్కీ తాగినా అరిచేవాడేమో.

బావ: విస్కీ అయితే గొంతే ఎక్కడో ఒకచోట ఆపేది. సరే, లెనన్‌ని వదిలెయ్. 'డేస్ ఆఫ్ వైన్ అండ్ రోజెస్' అని 1962లో వచ్చిన సినిమా చూశావా? అందులో అమ్మాయికి మందు అలవాటు లేదు. చాక్లెట్ అంటే ఇష్టమంటుంది. జాక్ లెమన్ వేసిన పాత్ర ఆ మాట పట్టుకుని ఆమె కోసం బ్రాందీ అలెగ్జాండర్ తెప్పిస్తాడు. అక్కడ మొదలవుతుంది. చివరికి అతను మానేస్తాడు, ఆమె మానలేకపోతుంది. ఆ కథ రాసినవాళ్లకి లోకంలో ఇన్ని పానీయాలుండగా ఇదే ఎందుకు తట్టింది? మందు రుచి తెలియనివాళ్లని గడప దాటించే తలుపు ఇదే కాబట్టి.

(ఇక్కడ బావమరిది కాసేపు మాట్లాడలేదు. నాకు ఆ సినిమా తెలుసు. తలుపు కాదు, నిచ్చెన అన్నా తప్పులేదనిపించింది. కానీ నేను కలగజేసుకోలేదు.)

బావమరిది: మీరన్నది కాదనను. మా ఊళ్లో ఐస్‌క్రీముతో చేసేది పెద్ద గ్లాసులో తెస్తారు. అది తాగి లేవలేని వాళ్లని చూశాను. కానీ ముసుగు వేసింది నేనొక్కణ్ణే కాదు కదండీ. ఐరిష్ క్రీము సీసాలు మన దుకాణాల్లో కూడా ఉన్నాయి. 1973లో లండన్‌లో డేవిడ్ గ్లక్‌మన్, హ్యూ సీమోర్-డేవీస్ అనే ఇద్దరు జేమ్సన్ విస్కీలో క్రీము, చక్కెర, క్యాడ్‌బరీ డ్రింకింగ్ చాక్లెట్ పొడి కలిపి చూశారు. మరుసటి ఏడాది అది బెయిలీస్ అయి ప్రపంచమంతా పోయింది. అందులో 17 శాతం ఆల్కహాలు. తాగేవాడికి ఏ విస్కీ, ఎంత అని తెలియదు. నేనైతే మీ కళ్ల ముందే కొలిచి పోశాను.

బావ: నీది ఎంత శాతమో చెప్పనా? కరిగిన ఐసు నీళ్లు కలుపుకుంటే గ్లాసులో 115 మిల్లీలీటర్లదాకా ఉంటుంది. అందులో 20. దాదాపు 17 శాతమే. వాళ్లదెంతో నీదీ అంతే! ఇంట్లో చేసినంత మాత్రాన లోపలి సరుకు మారదు.

బావమరిది: సరుకు మారదు, సంగతి తెలుస్తుంది. ఎంత పోశానో నాకు తెలుసు. కావాలంటే బ్రాందీ 15కి తగ్గించి క్రీము 45 చేస్తా. సీసా కొన్నవాడికి ఆ వీలుందా? ఇంకో మాట, ఫ్యాక్టరీ వాళ్లు క్రీముని యంత్రాలతో చిలికి విడిపోకుండా చేస్తారు కాబట్టి రెండేళ్లు నిలవ ఉంటుంది. కండెన్స్‌డ్ మిల్కు వేసి ఇంట్లో చేసుకున్నది ఫ్రిజ్‌లో వారం దాటకూడదు. ఇది మాత్రం ఎప్పటికప్పుడు చేసి అప్పుడే తాగేది. నిలవ చేసే ప్రసక్తే లేదు.

బావ: నిలవ లేకపోవడం దీనిలో నాకు నచ్చిన ఒకే ఒక్క గుణం. మరి అందులో కొవ్వు, చక్కెర? మొన్ననే నాకు షుగరు సరిహద్దులో ఉందన్నారు.

బావమరిది: గ్లాసుకి రెండొందల పైచిలుకు క్యాలరీలు. అరిసెలు తిన్నాక ఇది తాగితే తప్పు. అరిసె బదులు తాగితే మీ ఇష్టం.

బావ: అరిసె బదులు! పండగ పూట మీ అక్క వినకుండా ఉంటే నీ అదృష్టం.

బావమరిది: ఆఖరికి మీ తీర్పేంటి బావగారూ? మానేయమంటారా?

బావ: మానేయమనను. జిన్నుతో చేసేదన్నావే పాతది, అది రేపు చెయ్. జిన్నులో ఆ దేవదారు లాంటి వాసన ఉంటుంది కదా, అది క్రీములోంచి కూడా బయటపడుతుందని నా అంచనా. మందని తెలిసే రుచి కొంచెమైనా మిగలాలి. బ్రాందీదైతే ఒక షరతు. ఎవరికిచ్చినా, ఇందులో పెగ్గున్నర ఉందని చెప్పి మరీ ఇవ్వాలి. చెప్పకుండా ఇచ్చావంటే అది మర్యాద కాదు, మోసం. రెండో గ్లాసు అడిగినవాడికి పాయసం పెట్టు.

(మర్నాడు జిన్నుది చేశారు. బావగారి అంచనా నిజమే. పూర్వంవాళ్లు జిన్ను పోసిందే మేలనిపించింది నాకు. చాక్లెట్ తీపిలోంచి ఆ చిరుచేదు దారి చేసుకుని వస్తుంది. బ్రాందీదాన్ని తాగి పాయసం అనుకోవచ్చు. దీన్ని అనుకోలేం.)

ఇంట్లో ఇది చేద్దామనుకునే పాఠకులకి నా మనవి ఒక్కటే. కొలత గిన్నె లేకుండా మొదలుపెట్టకండి. పోసేది చిన్న గ్లాసులోనే పోయండి. ఏముందో చెప్పి ఇవ్వండి. మన రెండు రాష్ట్రాల్లోనూ 21 ఏళ్లు నిండనివాళ్లకి మందు అమ్మకూడదు. ఇంట్లో ఇవ్వడానికీ అదే హద్దు పెట్టుకోండి. తాగినవాళ్లకి బండి తాళాలు ఇవ్వకండి. 100 మిల్లీలీటర్ల రక్తంలో 30 మిల్లీగ్రాములు దాటితే కేసే, అది క్రీముతో తాగినా, నీళ్లతో తాగినా. పిల్లలు తిరిగే ఇంట్లో తాగి వదిలేసిన గ్లాసు వెంటనే కడిగేయండి. చూడ్డానికి అది అచ్చం చాక్లెట్ పాలలాగే ఉంటుంది.